నాలుగు వేల పేజీల్లో మన వాటా

విశాఖపట్నం గోపాలపట్నం దగ్గర ఆర్.ఆర్. వెంకటాపురంలో 2020 మే 7 తెల్లవారుజామున ఎల్‌జీ పాలిమర్స్ ట్యాంకులోంచి స్టైరీన్ ఆవిరి ఊరి మీదికి వచ్చింది. 12 మంది చనిపోయారు. వందలమంది ఆసుపత్రుల పాలయ్యారు. గొడ్లూ గోదా, పిట్టలూ కూడా ఎక్కడివక్కడ పడిపోయాయి. మర్నాడే రాష్ట్ర ప్రభుత్వం ఒక హైపవర్ కమిటీని వేసింది. అప్పట్లో పర్యావరణ, అటవీ శాఖ చూస్తున్న స్పెషల్ చీఫ్ సెక్రటరీ నీరబ్ కుమార్ ప్రసాద్ దానికి అధ్యక్షుడు. జూలై 6న కమిటీ నివేదిక ముఖ్యమంత్రి చేతికి వెళ్లింది. అసలు నివేదిక 350 పేజీలు, అనుబంధాలన్నీ కలిపితే 4,000 పేజీల దాకా. ఆ మర్నాడు కంపెనీ సీఈవోతో సహా 12 మందిని అరెస్టు చేశారు. పత్రికలన్నీ ఆ వార్త వేశాయి. ఆ తర్వాత నివేదిక గురించి మాట్లాడేవాళ్లు ఒక్కొక్కరే తగ్గిపోయారు.

అలా తగ్గిపోకూడదని నా బాధ. ఉద్యోగ జీవితమంతా ఇదే నగరంలోని ఒక కెమికల్ ప్లాంటులో షిఫ్టులు నడిపినవాణ్ని. రిటైరయ్యాక ప్రమాదాల విచారణ నివేదికలు చదవడమే నాకు పనిగా మారింది. వాటిలో ఎవరిని జైల్లో పెట్టారన్నది చిన్న ముక్క. రేపు రాత్రి ఇంకో ప్లాంటులో డ్యూటీ ఎక్కబోయే కుర్రాడికి, ఆ గోడకి ఇవతల నిద్రపోయే కుటుంబానికి పనికొచ్చే విషయం అంతకంటే ఎంతో ఎక్కువ ఉంటుంది. అది వాళ్లదాకా చేరడం లేదు.

ముందు ఆ ట్యాంకు సంగతి చెబుతాను. అది అర్థమైతే నివేదిక సగం అర్థమైనట్టే.

స్టైరీన్ చూడటానికి నీళ్లలా పల్చగా ఉండే ద్రవం. థర్మోకోల్, గట్టి ప్లాస్టిక్ సామాన్లు దాంతోనే తయారవుతాయి. అంటే దాని అణువులు ఒకదాన్నొకటి పట్టుకుని గొలుసుకట్టడమే ఫ్యాక్టరీకి కావలసింది. చిక్కేమిటంటే ఆ పని రియాక్టర్లో జరిగినట్టే ట్యాంకులో కూడా తనంతట తను మొదలవుతుంది. గొలుసు కట్టేటప్పుడు వేడి పుడుతుంది. ఆ వేడికి ఇంకా వేగంగా గొలుసు కడుతుంది, ఇంకా వేడి పుడుతుంది. తడి ఆరని గడ్డితో వాము వేస్తే లోపల్లోపల కాగి ఒకనాడు పొగలొస్తుందే, దాదాపు అలాంటిదే ఇదీ. పైకేమీ కనిపించదు. బయటపడే వేళకి చెయ్యడానికి పెద్దగా ఏమీ మిగలదు.

అందుకే స్టైరీన్ నిలవ పెట్టేవాళ్లు నాలుగు పనులు మానకుండా చెయ్యాలి. చల్లగా ఉంచాలి. పైన ఉన్నది కిందికి, కింద ఉన్నది పైకి తిరిగేలా కలుపుతూ ఉండాలి. గొలుసు కట్టనివ్వకుండా అడ్డుపడే టీబీసీ అనే మందు తగినంత ఉందో లేదో చూసుకుని వేస్తుండాలి. ఆ మందు పనిచెయ్యాలంటే ద్రవంలో కొంత ఆక్సిజన్ కరిగి ఉండాలి కాబట్టి దాని మీదా కన్నుండాలి. నాలుగోది కొలత. వేడి ఎంత, మందు ఎంత, అప్పటికే గొలుసు కట్టింది ఎంత అన్నది ట్యాంకులో ఒకచోట కాదు, పైనా మధ్యా కిందా తెలియాలి.

ఎం6 అనే ఆ ట్యాంకు పాతది. మార్చి ఆఖరులో లాక్‌డౌన్ వచ్చి ప్లాంటు ఆగిపోయింది. స్టైరీన్ మాత్రం ట్యాంకులో అలాగే ఉండిపోయింది. కమిటీ తేల్చింది చూడండి. ఉష్ణోగ్రత చూపే సెన్సరు ట్యాంకు అడుగున ఒక్కచోటే ఉంది. చల్లబరచిన ద్రవం వచ్చి చేరేది కూడా ఆ అడుగుకే. అందుకని కంట్రోల్ రూములో తెర మీద అంకె బాగానే కనిపిస్తుంటే పైభాగం లోలోపల కాగిపోయింది. చల్లబరిచే యంత్రాన్ని సాయంత్రం ఆపేసి పొద్దున మళ్లీ వేసే అలవాటు ఉంది. సరిపడా టీబీసీ నిలవ లేదు. ఆక్సిజన్ కొలిచే ఏర్పాటు లేదు. ఏప్రిల్ ఆఖరి వారంలో తీసిన నమూనాల్లో పాలిమర్ శాతం పెరుగుతోందని తెలిసింది. దాన్ని హెచ్చరికగా ఎవరూ తీసుకోలేదు. ఉష్ణోగ్రత 35 డిగ్రీలు దాటనంతవరకూ భయం లేదన్నది అక్కడివాళ్ల లెక్క, ఆ లెక్క కోసం చూస్తున్నదేమో అడుగున ఉన్న చల్లని అంకె.

వీటన్నిటికంటే నన్ను ఎక్కువ కలచివేసిన విషయం ఇంకొకటుంది. ఆ ట్యాంకుకి ద్రవం తిరిగే పైపుల అమరికను 2019 డిసెంబరులో మార్చారు. ఆ మార్పుతో ట్యాంకులో ద్రవం పైకీ కిందికీ కలిసే తీరు దెబ్బతిన్నదని కమిటీ చెప్పింది. అయిదు నెలలకి ఊరు పడిపోయింది. పైపు మార్చడం ప్లాంటులో రోజూ ఉండే పనే. వెల్డరు వస్తాడు, ఫిట్టరు వస్తాడు, పని అయిపోతుంది, ఆ పనికిచ్చిన అనుమతి కాగితం, అంటే పర్మిట్, మూసేస్తారు. ‘దీనివల్ల ఇంకెక్కడ ఏం మారుతుంది?’ అని కూర్చుని ఆలోచించే మనిషి ఉండాలి. ఆ ఆలోచనని కాగితం మీద పెట్టి సంతకం చెయ్యాలి.

ఈ పాఠం కొత్తది కాదు. అందుకే నా కడుపు మండుతుంది. 1974 జూన్ 1న ఇంగ్లండులో ఫ్లిక్స్‌బరో అనే చోట నైలాన్ ముడిసరుకు తయారుచేసే ఫ్యాక్టరీ పేలిపోయింది. 28 మంది పోయారు. కంట్రోల్ రూములో ఉన్న 18 మందిలో ఒక్కరూ మిగల్లేదు. శనివారం సాయంత్రం కాబట్టి అంతటితో ఆగింది, మామూలు పనిరోజైతే వందల్లో ఉండేవారు. అక్కడ వరసగా ఆరు రియాక్టర్లు. అయిదో దానికి పగులొచ్చిందని తీసేసి, నాలుగుకీ ఆరుకీ మధ్య ఒక తాత్కాలిక పైపు వేశారు. ఆ పైపుకి సరైన డ్రాయింగ్ లేదు. వర్క్‌షాపు నేల మీద సుద్దముక్కతో గీసుకుని చేశారు. ఎంత ఒత్తిడి పడుతుందో, వంపుల దగ్గర ఏమవుతుందో లెక్క కట్టలేదు. ఆ లెక్క కట్టాల్సిన ఇంజనీరు పోస్టు అప్పటికి ఖాళీగా ఉంది. విచారణ కోర్టు ఇదంతా 1975లో విడమరిచి అచ్చువేసింది. అప్పటినుంచి ప్రపంచంలో ఏ కెమికల్ ప్లాంటు పుస్తకం తెరిచినా మార్పు చేసే ముందు పాటించవలసిన పద్ధతి అని ఒక అధ్యాయం ఉంటుంది. 45 ఏళ్ల తర్వాత మా ఊళ్లో పైపు మార్చినప్పుడు ఆ అధ్యాయం ఎవరి బల్ల మీదా తెరిచి లేదు.

మా మరదలి కుటుంబం ఉండేది గోపాలపట్నం వైపే. స్టైరీన్ ఆవిరి వచ్చిన రాత్రి వాళ్లు పిల్లల్ని ఎత్తుకుని సింహాచలం రోడ్డు వైపు పరుగెత్తారు. నేను నివేదిక కాగితాలు ముందేసుకుని కూర్చున్నప్పుడు ఆమె అడిగింది పైపుల గురించి కాదు.

“బావగారూ, అదంతా మీకు తెలుస్తాది గానీ, సైరన్ ఎందుకు మోగలేదో అందులో రాశారా? ఆ ఒక్కటి చదివి చెప్పండి.”

రాశారు. ప్లాంటులో సైరన్ మోగించే మీటలు 36 చోట్ల ఉన్నాయి. గేటు దగ్గర కూడా ఉంది. ఒక్కటీ నొక్కలేదు. నొక్కి ఉంటే జనాన్ని ముందే అప్రమత్తం చేసే వీలుండేదని కమిటీ అన్నది. అత్యవసర ఏర్పాట్లు పూర్తిగా కుప్పకూలాయని కూడా రాసింది. చదివి వినిపించాను. ఆమె కాసేపు ఏమీ అనలేదు.

“పోనీ మోగిందే అనుకోండి బావగారూ, మేమేం చెయ్యాల? ఎటు పరిగెట్టాల? మాకెవరు చెప్పారు?” అంది.

నివేదికలు చదవడం మొదలుపెట్టాక నేను విన్న ప్రశ్నల్లో దీనికి మించినది లేదు. స్టైరీన్ ఆవిరి గాలికంటే బరువు. నేలబారున పాకుతుంది, పల్లంలో నిలుస్తుంది. గాలి ఎటు వీస్తుందో చూసుకుని దానికి అడ్డంగా, మెరక వైపు వెళ్లాలి. ముక్కుకీ నోటికీ తడిగుడ్డ కట్టుకోవాలి. ఈ రెండు మూడు మాటలు చెప్పడానికి ఒక సాయంత్రం చాలు. చెప్పడం దయాదాక్షిణ్యాల మీద ఆధారపడిన పని కూడా కాదు. భోపాల్ గ్యాసు ప్రమాదం తర్వాత 1987లో ఫ్యాక్టరీల చట్టానికి 41బి అని ఒక సెక్షన్ చేర్చారు. ప్రమాదకరమైన ఫ్యాక్టరీ యజమాని ఆ ప్రమాదమేమిటో, వస్తే ఏం చెయ్యాలో పనివాళ్లకే కాదు, చుట్టుపక్కల ఉన్న జనానికీ తెలియజెయ్యాలని అందులో రాశారు. 1989లో వచ్చిన ప్రమాదకర రసాయనాల నియమాల్లో పదిహేనోది అదే మాట ఇంకా విడమరుస్తుంది. ఏం చెయ్యాలి, ఏం చెయ్యకూడదు అనేవి కూడా చెప్పాలంటుంది. గోడ లోపలి ప్రణాళికకి ఆరు నెలలకోసారి, గోడ బయటి ప్రణాళికకి కనీసం ఏడాదికోసారి మాక్ డ్రిల్ జరగాలని ఆ నియమాల్లోనే ఉంది. 1987 నుంచి 2020 దాకా, 33 ఏళ్లు. మా మరదలు ఆ ఊళ్లో కాపురానికొచ్చి చాలా కాలమైంది. ఒక్క కాగితం ముక్క ఆమె గుమ్మం దాకా రాలేదు.

భోపాల్ మాట వచ్చింది కాబట్టి ఇదీ చెప్పాలి. 1984 డిసెంబరులో ఆ ఘోరం జరిగాక మధ్యప్రదేశ్ ప్రభుత్వం జస్టిస్ ఎన్.కె. సింగ్‌తో ఒక విచారణ కమిషన్ వేసింది. పని పూర్తికాకుండానే దాన్ని ఎత్తేశారు. నివేదిక లేదు. దేశంలో అంతకు మించిన పారిశ్రామిక దుర్ఘటన లేదు. దాని మీద జనం ముందు సాక్ష్యాలన్నీ పెట్టి, ఎక్కడ ఏది తప్పిందో వరసగా చెప్పిన ప్రభుత్వ కమిషన్ పుస్తకం అప్పుడు మనకి రాకపోవడం చిన్న నష్టం కాదు. చట్టాలు మారాయి, నిజమే. ఎందుకు మారాయో కింది ఉద్యోగికి అర్థమయ్యేలా చెప్పే కథ మాత్రం లేకుండా పోయింది.

విచారణ అనగానే అన్నీ ఒకటే అనుకుంటారు చాలామంది. కావు. ‘న్యాయ విచారణ జరిపించాలి’ అని ప్రతిపక్షాలు అడిగేది 1952 నాటి విచారణ కమిషన్ల చట్టం కింద వేసే కమిషన్ గురించి. దానికి సివిల్ కోర్టుకున్న కొన్ని అధికారాలుంటాయి. సాక్షులకి సమన్లు పంపగలదు, ప్రమాణం చేయించి మాట్లాడించగలదు, రికార్డులు తెప్పించగలదు. శిక్ష మాత్రం వెయ్యలేదు. అది చెప్పింది ప్రభుత్వం పాటించి తీరాలని కూడా లేదు. కమిషన్ ముందు మనిషి చెప్పిన మాటను తర్వాత అతని మీదే కేసులో వాడకూడదని ఆరో సెక్షన్ అంటుంది, అబద్ధపు సాక్ష్యం కేసు తప్ప. మొదట్లో నాకిది దోషుల్ని కాపాడే ఏర్పాటులా అనిపించింది. షిఫ్టు నడిపినవాడిగా ఆలోచిస్తే దాని విలువ తెలిసింది. ‘ఆ వాల్వు నేనే మూశాను’ అని ఆపరేటరు భయం లేకుండా చెప్పగలిగితేనే నిజం బయటికొస్తుంది. ఆ చట్టంలోనే ఇంకో మంచి మాట ఉంది. నివేదిక అందిన ఆరు నెలల్లోగా, దాని మీద ఏం చర్య తీసుకున్నారో చెప్పే పత్రంతో కలిపి చట్టసభ ముందు పెట్టాలి.

రాజమండ్రిలో 2015 జూలై 14న గోదావరి పుష్కరాల మొదటిరోజు తొక్కిసలాట మీద వేసింది అలాంటి కమిషనే. జస్టిస్ సి.వై. సోమయాజులు విచారించారు. నివేదిక శాసనసభకి చేరేసరికి మూడేళ్లు దాటింది. అందులో ముహూర్తం మీద జనానికున్న నమ్మకం, ప్రచారం మీద పడ్డంత భారం ఏర్పాట్లు చేసినవాళ్ల మీద పడలేదని నా అభిప్రాయం. జనం ఒకే ఘాటుకి వస్తారని తెలిసినప్పుడు దారులు ఎలా విడదియ్యాలి, ఎవరు ఎక్కడ నిలబడి ఆపాలి అన్నదే తర్వాతి పుష్కరాలకి పనికొచ్చేది.

ఎల్‌జీ పాలిమర్స్ మీద పనిచేసిన హైపవర్ కమిటీ ఆ చట్టం కింద వేసింది కాదు. ప్రభుత్వ ఉత్తర్వుతో ఏర్పడిన అధికారుల కమిటీ. కలెక్టరు, పోలీసు కమిషనరు, కాలుష్య నియంత్రణ మండలి సభ్య కార్యదర్శి అందులో సభ్యులు. దానికి సమాంతరంగా జాతీయ హరిత ట్రిబ్యునల్ తనంతట తానే కేసు తీసుకుని, కంపెనీ చేత ముందుగా 50 కోట్లు జమ చేయించి, జస్టిస్ బి. శేషశయనారెడ్డి అధ్యక్షతన ఇంకో కమిటీని పంపింది. ఆ కంపెనీ ఎన్నో ఏళ్లుగా పర్యావరణ అనుమతి లేకుండానే నడుస్తోందన్న సంగతి కూడా ఆ రోజుల్లోనే జనానికి తెలిసింది.

అధికారుల కమిటీ కదా, తమ శాఖల్ని తామే కాపాడుకుంటారని నేను అనుకున్నాను. న్యాయంగా చెప్పాలంటే ఫ్యాక్టరీల శాఖలోనూ కాలుష్య మండలిలోనూ తప్పులున్నాయని ఆ నివేదిక దాచకుండా రాసింది. జనం దగ్గర్నుంచి ప్రశ్నలు కూడా తీసుకుంది. జనావాసాల మధ్యనుంచి ప్లాంటుని తరలించాలంది. ఇంత త్వరగా, రెండు నెలల్లో, ఇంత వివరంగా వచ్చిన నివేదిక మన రాష్ట్రంలో అరుదు. ఆ పని చేసినవాళ్లని మెచ్చుకోవాలి. అయినా, అనుమతులిచ్చే శాఖ మనిషి విచారించే బల్ల దగ్గర కూర్చోవడం మంచి పద్ధతి కాదు. రైళ్ల విషయంలో మన దేశం ఈ సంగతి ఎప్పుడో గ్రహించింది. రైలు ప్రమాదాన్ని విచారించే రైల్వే సేఫ్టీ కమిషనరు రైల్వే శాఖ కింద ఉండడు, పౌర విమానయాన శాఖ కింద ఉంటాడు. 1941లోనే ఆ పనిని రైల్వే బోర్డు చేతిలోంచి తప్పించారు. ప్రమాదం జరిగితే ఫలానా చోట, ఫలానా రోజున విచారణ అని పత్రికల్లో ప్రకటన వేస్తారు. తెలిసినవాళ్లెవరైనా వచ్చి చెప్పవచ్చు. ట్యాంకులకీ రియాక్టర్లకీ అలాంటి విడి సంస్థ మనకి లేదు. అమెరికాలో ఉంది. కెమికల్ సేఫ్టీ బోర్డు అంటారు. జరిమానా వేసే అధికారం దానికి లేదు, విచారించి సిఫార్సులు చెయ్యడమే పని. టెక్సస్ సిటీ రిఫైనరీలో 2005 మార్చి 23న 15 మంది చనిపోయిన పేలుడు మీద ఆ బోర్డు తీసిన బొమ్మల వీడియో కొత్తగా చేరిన కుర్రాళ్లకి చూపించేవాణ్ని. ఉపన్యాసం మొదలుపెడితే ఫోన్లు తీసేవాళ్లు కూడా అది అయ్యేదాకా కదిలేవారు కాదు. ఆ బోర్డు తను చేసిన ప్రతి సిఫార్సు పక్కనా అది ఇంకా తెరిచి ఉందా, మూసేశారా అని జనానికి కనిపించేలా రాసి పెడుతుంది.

సిఫార్సు దాకా వచ్చాం కాబట్టి నేను అన్నిటికంటే ఎక్కువసార్లు చదివిన నివేదిక గురించి చెప్పాలి.

1988 జూలై 6 రాత్రి, స్కాట్లాండు తీరానికి దూరంగా ఉత్తర సముద్రంలో పైపర్ ఆల్ఫా అనే చమురు వేదిక. అక్కడ ఒకే పనికి రెండు పంపులు, ఎ, బి అని. పగటి షిఫ్టులో ఎ పంపు సేఫ్టీ వాల్వుని మరమ్మతుకి తీశారు. సాయంత్రానికి పని తెమల్లేదు. ఆ ఖాళీ నోటికి ఒక రేకు బిళ్ల బిగించి వదిలేశారు. పర్మిట్ కాగితం ఉంది. అది రాత్రి షిఫ్టు వాళ్ల కంట పడలేదు, నోటితో కూడా ఎవరూ చెప్పలేదు. రాత్రి పావు తక్కువ పదికి బి పంపు ఆగిపోయింది. మళ్లీ తిరగలేదు. ఎ పంపు తిప్పారు. పది గంటలకి పేలింది. 167 మంది పోయారు.

షిఫ్టు మారేటప్పుడు ఏం జరుగుతుందో నాకు తెలుసు. రాత్రంతా మేలుకున్నవాడు ఇంటికెళ్లాలని చూస్తుంటాడు. వచ్చినవాడు ఇంకా సీట్లో సర్దుకోలేదు. ‘అంతా నార్మలే కదా గురూ?’ అంటాడు. ‘నార్మలే’ అంటాడు వాడు. లాగ్‌బుక్కులో కూడా అదే మాట. ఆ మాట వెనక విప్పి పెట్టిన వాల్వొకటి ఉండవచ్చు. నేను షిఫ్టు ఇన్‌చార్జినయ్యాక ఆ మాటని లాగ్‌బుక్కులో రాయనివ్వలేదు. ఏ పంపు నడుస్తోంది, ఏది విప్పి ఉంది, ఏ పర్మిట్ తెరిచి ఉంది, విడివిడిగా రాయమనేవాణ్ని. ఇద్దరూ కలిసి ఒకసారి నడిచి చూసి రమ్మనేవాణ్ని. కుర్రాళ్లు విసుక్కునేవారు. పైపర్ ఆల్ఫా కథ చెప్పాక విసుగు పోయింది.

ఆ ప్రమాదాన్ని విచారించింది లార్డ్ కల్లెన్ అనే స్కాట్లాండు జడ్జి. ఏడాదికి పైగా సాక్ష్యాలు విన్నారు. 1990 నవంబరులో రెండు సంపుటాల నివేదిక వచ్చింది. ఎ పంపు దగ్గర ఆగిపోకుండా ఆయన వెనక్కి వెళ్లారు. అంతకు ముందు ఏడాది అదే వేదిక మీద ఒక కార్మికుడు చనిపోతే, అప్పుడే పర్మిట్ పద్ధతిలో, షిఫ్టు అప్పగింతలో లోపాలున్నాయని తెలిసిందనీ, సరిదిద్దలేదనీ చూపించారు. చమురు తవ్వకాన్ని ప్రోత్సహించే శాఖే దాని భద్రతనీ చూడటం తగదన్నారు. ఆ పనిని వేరే సంస్థకి అప్పగించారు.

ఆయన చేసిన సిఫార్సులు 106. అన్నిటినీ ఒప్పుకున్నారు. ఒప్పుకోవడం ఏ ప్రభుత్వమైనా చేస్తుంది. అక్కడ ఇంకో పని జరిగింది. ప్రతి సిఫార్సూ ఎవరి బాధ్యతో పంచారు. 57 భద్రతా సంస్థవి, 40 వేదికలు నడిపే కంపెనీలవి, 8 మొత్తం పరిశ్రమవి, ఒకటి సహాయ ఓడల యజమానుల సంఘానిది. కూడితే 106. ఏదీ గాలిలో మిగల్లేదు. ఫలానాది ఎందాకా వచ్చిందని అడగాలంటే ఎవరిని అడగాలో అందరికీ తెలుసు.

మన నివేదికల్లో సిఫార్సులు ‘చేయవలెను’, ‘పటిష్ఠం చేయవలెను’, ‘పర్యవేక్షించవలెను’ అని ముగుస్తాయి. ఎవరు? ఎప్పటిలోగా? అది నివేదిక రాసినవాళ్ల తప్పని నేననను. దాన్ని అందుకున్న ప్రభుత్వం, ఏ పార్టీదైనా, ఆ రెండు గడులూ నింపి అచ్చువెయ్యాలి. ఎల్‌జీ పాలిమర్స్ నివేదిక రాకముందే, ప్రమాదం జరిగిన కొద్ది రోజులకే, ఆ ప్లాంటులోనూ ఓడరేవులోనూ ఉన్న 13,000 టన్నుల స్టైరీన్‌ని ఓడల్లో దక్షిణ కొరియాకి తిప్పి పంపించారు. చనిపోయినవారి కుటుంబాలకి ప్రభుత్వం కోటి రూపాయల చొప్పున ఇచ్చింది. ఇవి చేశారు, చేసినట్టు అందరికీ కనిపించింది. కనిపించనివి మిగతావి. ఇలాంటి నిలవ ట్యాంకులున్న మిగతా ఫ్యాక్టరీల్లో సెన్సర్లు పైనా మధ్యా కిందా పెట్టారా? రాత్రిపూట చల్లబరిచే యంత్రం ఎవరి సంతకంతో ఆగుతుంది? సైరన్ మీట నొక్కే అధికారం ఆపరేటరుకుందా, మేనేజరుకి ఫోను చేసి అడగాలా?

ఈ చివరిది చిన్న ప్రశ్నలా కనిపిస్తుంది. కాదు. సైరన్ మోగిస్తే ఊరు లేస్తుంది, పోలీసులొస్తారు, పత్రికలొస్తాయి, పొద్దున్నే పైవాళ్లు సంజాయిషీ అడుగుతారు. అర్ధరాత్రి ఒంటరిగా ఉన్న ఆపరేటరు మనసులో ముందు మెదిలేది ఆ సంజాయిషీయే. తప్పుగా మోగించినా నీ ఉద్యోగానికి ఢోకా లేదని కాగితం మీద రాసి ఇచ్చిన ప్లాంటులోనే చెయ్యి మీట దాకా వెళ్తుంది. 36 మీటలుండి ఒక్కటీ నొక్కలేదన్న వాక్యం దగ్గర నేను చాలాసేపు ఆగిపోయాను. ఆ రాత్రి డ్యూటీలో ఉన్నవాళ్లకి అలాంటి హామీ ఎవరైనా ఇచ్చి ఉన్నారా అన్నదే నా ఆలోచన.

2024 ఆగస్టు 21న అచ్యుతాపురం సెజ్‌లో ఎసెన్షియా కంపెనీలో 17 మంది చనిపోయారు. మధ్యాహ్నం, భోజనాల వేళ. మంట అంటుకునే ద్రావకం ఒకటి పై అంతస్తులో పైపులోంచి కారి, కింద కరెంటు ప్యానెళ్ల దాకా దిగి, పేలింది. చనిపోయినవాళ్లలో చదువు పూర్తిచేసి ఉద్యోగంలో చేరి ఎన్నాళ్లో కాని పిల్లలున్నారు. మళ్లీ విచారణలు. మళ్లీ అరెస్టుల మాట, పరిహారం మాట. ఆ వారంలో నాకు ఫోన్ చేసిన నా పాత ఆపరేటరొకడు, ఇప్పుడు అక్కడే వేరే కంపెనీలో షిఫ్టు చూస్తున్నాడు, ఇలా అడిగాడు: “సార్, పాలిమర్స్ రిపోర్టులో మాలాంటోళ్లు చదవాల్సిన పేజీలేవో చెప్తారా? మా కంపెనీలో ఎవరూ చూపించలేదు.”

అతనికి నేను పంపినవి పది పన్నెండు పేజీలు. ట్యాంకు డిజైను, చల్లబరిచే పద్ధతి, పైపు మార్పు, సైరన్, అత్యవసర ఏర్పాట్లు. ఇంగ్లీషులో ఉన్నవాటి పక్కన నా చేతిరాతతో తెలుగులో అర్థం రాసి పంపాను. షిఫ్టు మొదట్లో అయిదు నిమిషాలు చెప్పుకునే టూల్‌బాక్స్ టాక్‌లో రోజుకొక పేజీ చదివాడట. అంతకంటే సంతోషం కలిగించిన కబురు నాకు ఈ మధ్యకాలంలో లేదు. ఇలాంటి నివేదిక వచ్చినప్పుడల్లా ఆ పది పన్నెండు పేజీల తెలుగు పుస్తకం ప్రభుత్వమే అచ్చువేసి ప్రతి కంట్రోల్ రూముకీ, చుట్టుపక్కల ప్రతి పంచాయతీకీ, వార్డు సచివాలయానికీ పంపించవచ్చు. పెద్ద ఖర్చు కాదు.

అది జరిగేలోగా మీరు చెయ్యగలిగింది ఒకటుంది. మీ ఇంటికి దగ్గర్లో గ్యాసు, ద్రావకాలు, అమ్మోనియా, క్లోరిన్ లాంటివి నిలవ చేసే ఫ్యాక్టరీ ఉంటే సమాచార హక్కు చట్టం కింద ఒక దరఖాస్తు రాయండి. జిల్లా ఆఫీసుకైతే ఫీజు పది రూపాయలు, మండలంలో అయిదు, పంచాయతీలో ఏమీ లేదు. ముప్పై రోజుల్లో జవాబివ్వాలి. మా మరదలు, నేను కూర్చుని రాసిన దరఖాస్తులో అడిగినవి ఇవి. మా ప్రాంతానికి ఫ్యాక్టరీ గోడ బయటి అత్యవసర ప్రణాళిక నకలు ఇవ్వండి. దాని మీద చివరి మాక్ డ్రిల్ ఏ తేదీన జరిగింది, అందులో ఊరివాళ్లు ఎంతమంది పాల్గొన్నారు? 2020 జూలై 6 నివేదికలోని సిఫార్సుల్లో ఏది ఏ అధికారికి అప్పగించారు, ఏ తేదీకి పూర్తయింది? చివరి ప్రశ్న ఆమె తనే చెప్పి రాయించింది: సైరన్ మోగితే మా వీధివాళ్లు ఎటు వెళ్లాలి?